పోర్టికో ముందు నూనె మరక

మా అన్న మనవరాలు ఈ మధ్య ఒక పెద్ద అపార్ట్‌మెంటులో ఫెసిలిటీ ఎగ్జిక్యూటివ్‌గా చేరింది. మా కాలంలో ఈ ఉద్యోగానికి ఇంత పొడుగు పేరు లేదు. హౌస్‌కీపింగ్ సూపర్‌వైజర్ అనేవాళ్ళు. కోపంలో ఉన్నవాళ్ళు "ఏయ్, క్లీనింగమ్మా" అనేవాళ్ళు. ఆ పిల్ల మొన్న ఫోన్ చేసి, "అవ్వా, తారు డ్రైవ్‌వే మీద ఇంజను ఆయిల్ పడింది. ఏం వేస్తే పోతుంది?" అని అడిగింది. రంపపు పొట్టు చల్లు, బట్టల సబ్బు పొడి వేసి పీచు బ్రష్షుతో రుద్దు, నీళ్ళు కొట్టు, ఒక్కసారికి పోకపోతే మళ్ళీ చెయ్యి అని చెప్పాను. థాంక్స్ అని పెట్టేసింది. నాకు మాత్రం ఆ సాయంత్రమంతా ఇంకో పని మీద మనసు నిలవలేదు. ఆ జవాబులో నేను చెప్పకుండా వదిలేసింది చాలా ఉంది. ఇలాంటి పనుల్లోకి కొత్తగా వస్తున్న మీకందరికీ పనికొస్తుందో రాదో తెలియదు కానీ, రాసి పెడుతున్నాను.

మాది బెంగళూరు పాత పేటలో మా తాతల నాటి నుంచీ ఉన్న తెలుగు కుటుంబం. తొంభైల్లో నేను ఒక బట్టల కుట్టు ఫ్యాక్టరీలో లైను సూపర్‌వైజరుని. అది మూతపడ్డాక సర్జాపుర రోడ్డులో కొత్తగా కట్టిన ఒక అపార్ట్‌మెంటులో ఈ పనికి చేరాను. అప్పటికి ఆ రోడ్డులో అపార్ట్‌మెంట్లు అక్కడొకటి ఇక్కడొకటి లేస్తున్నాయి. మా కాంపౌండు గోడకి అవతల ఇంకా రాగులు పండించేవాళ్ళు. నాకు కోపం ఎక్కువ. తుడిచిన నేల ఆరకముందే దాని మీద చెప్పులతో నడిచినవాళ్ళని, వాళ్ళు ఫ్లాట్ ఓనర్లయినా సరే, ఊరికే వదిలేదాన్ని కాదు. అందుకే నన్ను తీసేయాలని ఒకరిద్దరు ప్రయత్నం చేశారు. నేల మెరుస్తూ ఉండేది కాబట్టి వాళ్ళ మాట చెల్లలేదు.

గేటు నుంచి పోర్టికో దాకా దారి కొంచెం ఎత్తుగా ఎక్కుతుంది. బిల్డరు దాన్ని కంకరతో వదిలేసి వెళ్ళిపోయాడు. మా అసోసియేషన్ సెక్రటరీ ఎన్ని ఆఫీసుల చుట్టూ తిరిగారో, ఎంతమందితో పోట్లాడారో, చివరికి దానికి నల్లటి తారు వేయించారు. ఆయన బ్యాంకులో పెద్ద ఉద్యోగం చేసి, ముందుగానే వాలంటరీ రిటైర్మెంట్ తీసుకున్న మనిషి. తారు వేసిన రోజున గృహప్రవేశానికి పంచినట్టు లడ్లు పంచారు. రోజూ పొద్దున్నే తెల్ల ప్యాంటు, తెల్ల బూట్లు వేసుకుని ఆ దారి మీదే పైకీ కిందికీ నడిచేవారు. ఎండుటాకు కనిపిస్తే వంగి తీసి జేబులో వేసుకునేవారు. ఆ ఆకుల్ని చూసినప్పుడల్లా నాకు ఒళ్ళు మండేది. ఆకు తియ్యడానికి నేను లేనా?

రెండో అంతస్తులో ఒక ముసలి దంపతులుండేవారు. ఆవిడ గుంటూరు వైపు నుంచి నర్సు ఉద్యోగానికి బెంగళూరు వచ్చి, ఇక్కడి ఆసుపత్రుల్లోనే పనిచేసి మేట్రన్‌గా రిటైరయ్యారు. మేం మేట్రనమ్మ అనేవాళ్ళం. ఆయన బడిపంతులు. మాస్టారు అంటే కాంప్లెక్సు మొత్తానికి ఆయనే. మాస్టారికి మూత్రపిండాలు చెడిపోయి, వారంలో రోజు విడిచి రోజు డయాలసిస్‌కి వెళ్ళేవారు. అలా వెళ్ళడానికి వాళ్ళకో పాత కారుండేది. బండలాంటి కారు, లోపల మంచమంత వెనక సీటు. మాస్టారు కాళ్ళు వాచి, మడిచి కూర్చోలేకపోయేవారు. ఆ సీటు మీద అడ్డంగా కాళ్ళు చాపుకుని, తల మేట్రనమ్మ భుజానికి ఆనించి వెళ్ళేవారు. ఆటోలో ఒకసారి తీసుకెళితే దారంతా మూలిగారట. చిన్న కార్లలో కాళ్ళు పట్టేవి కావు.

కారుకి డ్రైవరు బెంగళూరు పక్కనున్న ఆనేకల్ వైపువాడు. వాళ్ళది మగ్గాల ఇల్లు. మగ్గం గిట్టుబాటు కాక, మెకానిక్ షెడ్డులో చేరి, అక్కడే బండి నడపడం నేర్చుకున్నాడు. నెమ్మదస్తుడు. కారుని పోర్టికో మెట్ల పక్కకి, ఆ కొస ఈ కొస చూసుకుని, మాస్టారికి ఒక్క అడుగు కూడా ఎక్కువ పడకుండా ఆపేవాడు. రోజూ సరిగ్గా ఒకే చోట. అందుకే మరక కూడా ఒకే చోట పడింది.

కారు నూనె కార్చేది. మారతహళ్ళి మెకానిక్కు దగ్గరికి తీసుకెళ్ళి ఎన్నిసార్లు సీలు మార్పించినా కొన్నాళ్ళు బాగుండి మళ్ళీ మొదలు. ఇంజను ముసలిదైపోయింది, ఇంతే అన్నాడు మెకానిక్కు. మొదట రూపాయి బిళ్ళంత చుక్క. తరవాత పళ్ళెమంత. ఎండాకాలంలో ఎవరికీ పట్టలేదు. నల్లటి తారు మీద నల్లటి నూనె, చూసీ చూడనట్టు పోయింది. మొదటి వానకి అది రంగులు తేలింది. సెక్రటరీ గారు గొడుగు పట్టుకుని తన రోడ్డు తడిస్తే ఎలా ఉందో చూద్దామని దిగి, సరిగ్గా దాని మీదే అడుగేసి జారి పడ్డారు. చీలమండ విరిగింది.

ఇది ముందే ఎందుకు చెబుతున్నానంటే, తరవాత ఆయన చేసిన పని విని మీరు ఆయన్ని చెడ్డవాడనుకుంటారు. నేనూ కొన్నాళ్ళు అనుకున్నాను. కానీ ఆయన కాలు విరగడం నిజం. కట్టు విప్పాక కూడా కర్ర లేకుండా నడవలేకపోవడం నిజం. రోజూ నడిచే మనిషి బాల్కనీలో కుర్చీ వేసుకుని రోడ్డు చూస్తూ కూర్చోవలసి వచ్చింది.

కర్రతో కిందికి దిగిన మొదటి రోజే నన్ను పిలిచి, మరకని కర్రతో చూపించారు.

"చూడమ్మా, దసరా లోపల ఈ స్టెయిన్ నాకు కనిపించకూడదు. కనిపించిందా, ఆ కారు గేటు బయటే. రూలంటే రూలే."

"సార్, మాస్టారు గేటు దాకా నడవలేరు."

"నేనూ నడవలేకపోతున్నాను కదమ్మా" అన్నారాయన.  

అలా ఆ మరక నా మెడకి చుట్టుకుంది. అది పోతే కారు పోర్టికో దాకా వస్తుంది. పోకపోతే ఊపిరి అందని మనిషి ఆ ఏటవాలు దారంతా దిగాలి, సూదులు పొడిపించుకుని నీరసంగా తిరిగొచ్చి మళ్ళీ ఎక్కాలి. నేను ఇళ్ళు, మెట్లు, లిఫ్టులు, ఫ్యాక్టరీ నేలలు ఎన్నో శుభ్రం చేయించాను. ఒక మరక గురించి రాత్రి పడుకున్నప్పుడు కూడా ఆలోచించడం అదే మొదలు.

కట్టెల మిల్లు నుంచి రంపపు పొట్టు గోనెసంచులతో తెప్పించాను. కారు వెళ్ళగానే పొట్టు చల్లి, పాత చీపురుతో అద్దినట్టు రుద్ది, ఎత్తేసేవాళ్ళం. తడి నూనె దానికే వచ్చేసేది. అడుగుకి ఇంకినదే మొండికేసింది. సబ్బు పొడి చిక్కగా కలిపి పోసి, నాననిచ్చి, పీచు బ్రష్షుతో రుద్దితే కొంత తేలేది. రుద్దీ రుద్దీ మా ఆడవాళ్ళ భుజాలు పట్టేశాయి. పళ్ళెమంత మరక మళ్ళీ బిళ్ళంత అయ్యేసరికి, కారు వచ్చి ఆగి ఇంకో నాలుగు చుక్కలు వేసేది. నేను డ్రైవరు మీద ఎగిరేదాన్ని.

"ఏమప్పా, రోంత అవతలగా ఆపకూడదా? చుక్క చుక్కకీ నేను పొట్టు చల్లుకుంటా కూచోవాలనా?"

"అవతల ఆపితే మాస్టారుకి మెట్టు అందదు కదక్కా" అనేవాడు తల దించుకుని. కారు తనదైనట్టు, కారేది తన ఒంట్లోంచైనట్టు సిగ్గుపడేవాడు. సిగ్గుపడేవాణ్ణి ఎంతసేపు తిడతాం? నా కోపం చీపురు మీదికి మళ్ళేది.

ఒక మధ్యాహ్నం నేను మేడ మీద వాటర్ ట్యాంకు కడిగించి కిందికి వస్తే, పోర్టికో ముందు మరక లేదు. ఆ చోటంతా నిన్న వేసిన రోడ్డులా నిగనిగలాడుతోంది. పక్కన డ్రైవరు, చేతిలో బ్రష్షు, మొహం నిండా నవ్వు.

"చూడక్కా, ఎట్ల పోయిండాదో!"

"ఏం పోసినావప్పా?"

"కిరసనాయిలు. మా షెడ్డులో గచ్చు మీద నూనె పడితే ఇదే కదక్కా పోసేది. చేతులు కడుక్కునేదీ దీంతోనే. ఇన్నాళ్ళు తోచనే లేదు చూడు నాకు!"

షెడ్డుల్లో నేలంతా సిమెంటు గచ్చు. మా పేట ఇళ్ళలో ఎర్ర గచ్చు. గచ్చు మీద నూనె పడితే కిరసనాయిలే మందని మా ఊళ్ళో పుట్టిన ఎవరినడిగినా చెబుతారు. ఆ క్షణాన నాకూ అద్భుతంగానే అనిపించింది. సెక్రటరీ గారు కర్ర టకటకలాడించుకుంటూ వచ్చి చూసి, "ఎక్సలెంట్" అన్నారు. అది డ్రైవరు పని అని చెప్పాను. ఆయన వాడి భుజం తట్టారు కూడా. ఆ సాయంత్రం వాడు మా అందరికీ టీ తెప్పించాడు.

మర్నాడు ఎండ కాసింది. మధ్యాహ్నానికి లిఫ్టు దగ్గర పాలరాతి నేల మీద నల్లటి అడుగులు మొదలయ్యాయి. బడి నుంచి వచ్చిన పిల్లల బూట్లు, పాలవాడి చెప్పులు, ఎవరిదో కుక్క పంజాలు. వెళ్ళి చూద్దును కదా, మరక పోయిన చోట తారు పాకంలా మెత్తబడి ఉంది. చెప్పుతో నొక్కితే కుంగుతోంది. లోపలి కంకర రాళ్ళు వదులైపోయి, కాలికి తగిలితే ఊడి వస్తున్నాయి. తారు వేసిన మేస్త్రీకి ఫోన్ చేశాను. ఆయన మొదట నవ్వాడు.

"అమ్మా, తారూ ఆ నూనే ఒక కడుపున పుట్టినవే కదా. కిరసనాయిలు ఒకదాన్ని కరిగించి ఇంకోదాన్ని ఎట్లా వదుల్తాది? మా బక్కెట్లకి అంటిన తారు మేము దాంతోనే కడిగేది" అన్నాడు. ఆ ముక్క కోసి తీసేసి కొత్తగా వేడి తారు పొయ్యాలని, తన మనుషులంతా వేరే పని మీద ఉన్నారని, దసరా అయినాక వస్తానని చెప్పాడు. అంతదాకా ఇసక చల్లమన్నాడు.

ఇసక చల్లించాను. చూడ్డానికి మామూలుగా ఉంది. అడుగేస్తే మాత్రం మెత్తగా దిగేది.

సెక్రటరీ గారు అగ్గి మీద గుగ్గిలం అయ్యారు. నిన్న భుజం తట్టిన చెయ్యే ఇవాళ గేటు వైపు చూపించింది. మరక పోలేదు సరికదా, రోడ్డే పోయింది. కారు ఆ రోజు నుంచే బయట. నేను వెళ్ళి, వాడు మంచికే చేశాడు సార్ అన్నాను. "మంచికే చేశాడమ్మా. అతను ఇంకో మంచి చేస్తే బిల్డింగు కూడా పోతుంది" అన్నారు. కమిటీలో మిగతావాళ్ళు ఎవరూ నోరెత్తలేదు. వాళ్ళ కార్లు నూనె కార్చవు మరి.

డ్రైవరు కుక్కిన పేనులా అయిపోయాడు. గేటు బయట కాంపౌండు గోడ పక్కన కారు పెట్టుకుని, లోపలికి తొంగి కూడా చూసేవాడు కాదు. నేను మేట్రనమ్మ దగ్గరికి వెళ్ళాను, ఆవిడ చేత ఒక మాట అడిగిద్దామని. కాంప్లెక్సులో సగంమంది బీపీలు చూసేది ఆవిడే. ఆవిడ గట్టిగా అడిగితే కమిటీ దిగొచ్చేది. ఆవిడ ఒప్పుకోలేదు.

"వద్దులేమ్మా. ఆయన కాలు విరిగింది మా కారు వల్లే కదా. పెద్దమనిషి, ఆసుపత్రి ఖర్చు కూడా అడగలేదు. వీల్‌చెయిర్ ఉందిగా, అందులో దించుకుంటాం."

"మళ్ళీ ఎక్కించేటప్పుడో అమ్మా? ఆ ఎత్తు?"

"నా సర్వీసంతా స్ట్రెచర్లు తోసి తోసి వచ్చినదాన్నే" అని నవ్వారు. వంటింట్లోకి వెళ్ళి నాకు టీ పెట్టారు. కప్పు రెండు చేతులతో పట్టుకుని మెల్లగా తెచ్చారు. ఆ చేతులతో ఆవిడ వీల్‌చెయిర్ ఎలా తోస్తారో నాకు అర్థం కాలేదు.

అప్పటి నుంచీ డయాలసిస్ రోజుల్లో డ్రైవరు గేటు దగ్గర కారాపి, పైకి నడిచొచ్చి, కుర్చీని వెనక నుంచి గట్టిగా పట్టుకుని దించేవాడు. ఏటవాలు కాబట్టి వదిలితే కుర్చీ పరిగెత్తుతుంది. మేట్రనమ్మ పక్కనే మాస్టారి భుజం మీద చెయ్యి వేసుకుని నడిచేవారు. తిరిగొచ్చేటప్పుడు మాస్టారు కళ్ళు మూసుకుని ఉండేవారు. నేను, కుదిరితే వాచ్‌మన్, ముందు నుంచి లాగేవాళ్ళం. ఇసక చల్లిన చోటికి వచ్చేసరికి ఒక పక్కకి జరిగి, దాన్ని తప్పించి పోయేవాళ్ళం. ఆ టైముకి సెక్రటరీ గారి బాల్కనీలో కుర్చీ ఖాళీగా ఉండేది. కావాలనే లోపలికి వెళ్ళిపోతారని నాకు తెలుసు.

ఆయుధ పూజ వచ్చింది. బెంగళూరులో అది బండ్ల పండగ. కాంపౌండులో కార్లన్నీ కడిగి, పసుపు కుంకుమలు పెట్టి, అరటి పిలకలు కట్టి, చక్రాల కింద నిమ్మకాయలు పెట్టారు. గేటు బయట మా డ్రైవరు తన కారుకి అందరికంటే పెద్ద బంతిపూల దండ వేశాడు. మేట్రనమ్మ చర్చికి వెళ్ళే మనిషి, పూజలు చెయ్యరు. కానీ వాడు పూజ చేసుకునే వేళకి ఏటా కిందికి దిగి పక్కన నిలబడి, కొత్త చొక్కా ఇచ్చేవారు. ఆ ఏడు గేటు దాకా వచ్చి నిలబడ్డారు. వాడు గుమ్మడికాయ దిష్టి తీసి రోడ్డు మీద పగలగొట్టి, బొరుగులూ బెల్లమూ లోపలికి తెచ్చి అందరికీ పెట్టాడు. సెక్రటరీ గారికి కూడా పంపాడు. ఆయన తీసుకున్నారని వాచ్‌మన్ చెప్పాడు.

పండగ తరవాత వచ్చిన డయాలసిస్ రోజు సంగతి ఇక చెప్పాలి. పొద్దున్నే మాస్టారికి ఒంట్లో బాగాలేదు. ముందు రోజు నీళ్ళు డాక్టరు చెప్పిన కొలతకి మించి తాగారేమో, ఆయాసంగా ఉంది, మాట్లాడితే మధ్యలో ఆగిపోతున్నారు. త్వరగా వెళ్ళాలి. ఆలస్యమైతే ఆసుపత్రిలో ఆ మిషను ఇంకొకరికి పెట్టేస్తారు, మళ్ళీ సాయంత్రం దాకా ఖాళీ ఉండదు. అంతసేపు ఆయన ఆగేలా లేరని మేట్రనమ్మ మొహం చూస్తేనే తెలుస్తోంది. ఆవిడ చెప్పులు మార్చుకోకుండా ఇంట్లో వేసుకునే హవాయి చెప్పులతోనే కిందికి దిగారు. అది చూసి నేనూ కుర్చీ వెంట నడిచాను.

అప్పుడే నీళ్ళ ట్యాంకరు వచ్చి, సంపులోకి గొట్టం వేసి, దారికి ఒక పక్కంతా ఆక్రమించి నిలబడింది. రోజూ మేం తప్పుకుని వెళ్ళే పక్క అదే. ట్యాంకరు వెనక్కి తియ్యాలంటే గొట్టం విప్పాలి. మా డ్రైవరు ఒక్క క్షణం ఆలోచించి, కుర్చీని ఇసక మీద నుంచే పోనిచ్చాడు. ఇంత చోటే కదా, దాటేయచ్చనుకున్నాడు. ముందు చిన్న చక్రాలు రెండూ ఇసకలోకి, ఇసక కింది తారులోకి దిగి ఆగిపోయాయి. కుర్చీ ముందుకి వంగింది. మాస్టారు పడబోతే మేట్రనమ్మ అడ్డం వచ్చి రెండు చేతులతో పట్టుకున్నారు. డ్రైవరు వెనక్కి లాగితే రావట్లేదు. నేను ముందు నుంచి ఎత్తబోతే ఒక్కదాని వల్ల కావట్లేదు. ట్యాంకరు మోటారు చప్పుడుకి వాచ్‌మన్‌కి మా కేకలు వినపడలేదు.

"సీదా ఎత్తక్కా, సీదా" అంటున్నాడు డ్రైవరు. వాడి గొంతు పోయింది. వాడు ఏడుస్తున్నాడు. తను కిరసనాయిలు పోసిన చోటే అది.

కర్ర కింద పడిన చప్పుడు వినిపించింది. చూస్తే సెక్రటరీ గారు. తెల్ల ప్యాంటుతో, తెల్ల బూట్లతో ఆ ఇసక మీద మోకాళ్ళ మీద కూలబడి, చేతులతో చక్రం చుట్టూ తోడుతున్నారు. బాగుకాని కాలు ఒకటి పక్కకి చాపుకుని ఉన్నారు. తారు గోళ్ళలోకి పోతోంది. "ఇప్పుడు ఎత్తమ్మా, నేను కింద నుంచి తోస్తాను" అన్నారు. ఎత్తాను. చక్రాలు చప్పుడు చేసుకుంటూ ఊడి వచ్చాయి.

మాస్టారు రొప్పుతూనే ఆయన వైపు చూశారు.

"సెక్రటరీ గారూ... మీ రోడ్డు నన్ను... పోనివ్వనంటోందండీ."

ఎవరూ నవ్వలేదు. సెక్రటరీ గారు కుర్చీ చేతిని ఒక పక్క పట్టుకున్నారు. కర్ర లేకుండానే, కుంటుకుంటూ, మాతోపాటు గేటు దాకా దిగారు. మాస్టారిని వెనక సీటు మీద పడుకోబెట్టేదాకా కారు తలుపు పట్టుకుని నిలబడ్డారు. కారు వెళ్ళిపోయింది. అది ఆగిన చోట నాలుగు చుక్కలు కనిపించాయి.

నేనూ ఆయనా గేటు దగ్గర మిగిలాం. ఆయన తన ప్యాంటు వైపు చూసుకున్నారు. మోకాళ్ళ దగ్గర రెండు పెద్ద నల్లటి ముద్దలు.

"ఈ తారు పోవాలంటే ఏం చెయ్యాలమ్మా?" అన్నారు.

"కిరసనాయిలు సార్" అన్నాను.

ఎగతాళి చెయ్యలేదు. నిజంగా దానికి మందు అదే. ఆయన నా మొహంలోకి చూశారు, ఆటపట్టిస్తున్నానేమోనని. తరవాత నవ్వు మొదలుపెట్టి, నవ్వుతూ నవ్వుతూ వాచ్‌మన్ కుర్చీలో కూలబడ్డారు. ఆ నవ్వు మధ్యలోనే ఆగిపోయింది. కళ్ళు తుడుచుకోబోయి చేతికి తారు ఉందని ఆగారు. నేను నా కొంగు ఇచ్చాను. మొహం తుడుచుకుని, వాచ్‌మన్‌ని పిలిచి చెప్పారు.

"ఆ కారు తిరిగొచ్చినప్పుడు పైదాకా వదులు. ఎప్పుడూ పైదాకానే."

"మరకో సార్?" అన్నాను. నా నోరు ఊరుకోదు కదా.

"అది మీరు చూసుకుంటారుగా" అన్నారు.

మాస్టారికి ఆ రోజు మిషను దొరికింది. సాయంత్రం కారు పోర్టికో మెట్ల పక్కకొచ్చి, తన పాత చోట కాకుండా ఒక గజం ఇవతల, గట్టి తారు మీద ఆగింది. తరవాత మేస్త్రీ మనుషులొచ్చి మెత్తబడిన ముక్క కోసి, వేడి తారు పోసి, దిమ్మిసతో కొట్టి వెళ్ళారు. రోడ్డంతా బూడిదరంగుకి తిరుగుతుంటే ఆ చదరం ఒక్కటే నల్లగా ఉండేది. డ్రైవరు ఒక పెద్ద నూనె డబ్బాని అడ్డంగా కోయించి పళ్ళెంలా చేసి, దాన్నిండా రంపపు పొట్టు పోసి, కారు ఆపగానే ఇంజను కిందికి తోసేవాడు. బస్సు డిపోల్లో ఎప్పటి నుంచో చేసే పనే ఇది, మాకు అంత ఆలస్యంగా తోచింది. అయినా తోసేలోగా ఒక చుక్కో రెండు చుక్కలో పడేవి. నేను రోజూ పొట్టు చల్లి, వారానికోసారి సబ్బుతో కడిగించేదాన్ని. మరక పూర్తిగా పోయేది కాదు. సెక్రటరీ గారు వాకింగులో అక్కడికి రాగానే కర్ర గట్టిగా పట్టుకుని, పక్కగా అడుగేసి, దాటుకుని వెళ్ళేవారు. 

అలా కొన్నేళ్ళు నడిచింది. మాస్టారు ఒక చలికాలం ఆసుపత్రిలోనే పోయారు. మేట్రనమ్మ కారుని కొన్నాళ్ళు అలాగే ఉంచి, తరవాత పాత ఇనుము కొనేవాళ్ళకి ఇచ్చేశారు. డ్రైవరు మారతహళ్ళిలో ఒక కంపెనీ క్యాబుకి వెళ్ళిపోయాడు. వెళ్ళేముందు నూనె డబ్బా పళ్ళెం నాకిచ్చి, "దేనికన్నా పనికొస్తాదిలేక్కా" అన్నాడు. దేనికి పనికొస్తుంది? నేనది స్టోరు రూములో పెట్టాను. రిటైరయ్యేదాకా పారెయ్యలేదు.

తరవాతి వానాకాలం అయిపోయాక ఒక పొద్దున సెక్రటరీ గారు పోర్టికో ముందు ఆగి, నన్ను పిలిచారు. కర్రతో నేల చూపించారు.

"మరక పోయిందే! పూర్తిగా పోయింది. ఏం వేశారమ్మా?"

"ఏమీ వెయ్యలేదు సార్. కారు రావట్లేదు కదా."

 ఇన్నేళ్ళు దాన్ని తియ్యాలని నేను తిట్టుకోని రోజు లేదు. అది పోయిన రోజున ఏదో పోగొట్టుకున్నట్టయింది. ఆయన అవునన్నట్టు తలూపారు. తరవాత కర్ర గట్టిగా పట్టుకుని, ఎప్పటిలాగే పక్కగా అడుగేసి, శుభ్రంగా ఉన్న ఆ చోటుని దాటుకుని వెళ్ళారు.